అప్రఖ్యాపిత శాసనము – శబ్దార్థ ప్రయోగ విచారము

స్నాతకోత్తర తరగతిలో అనువాదాభ్యాసము జరుపుచుండగా ఒకనాడు న్యాయశాస్త్ర సంబంధియగు వాక్యమొకటి తటస్థించినది. అధికారము గలవారు చేసియు ప్రజలకు తెలియజేయక ఉంచిన శాసనము క్రింద ఎవనినైనను దండింపవచ్చునా అని ఆ వాక్యము ప్రశ్నించుచున్నది. అట్టి శాసనమునకు ఆంగ్లమున ‘అన్‌ప్రామల్గేటెడ్’ అను విశేషణమును వాడుదురు. విద్యార్థులలో కొందఱు దానిని ‘రహస్య శాసన’మనిరి, కొందఱు ‘అప్రకటిత శాసన’మనిరి, ‘అప్రచురిత’మని వ్రాసినవారును గలరు. ఒక విద్యార్థిని మాత్రము ‘చాటని చట్టము’ అని వ్రాసి, తప్పు చేసితినేమో యన్నట్లు దానిని కొట్టివేసినది. ‘అప్రఖ్యాపిత శాసన’మని చెప్పి నేను పాఠము ముగించితిని గాని, ఈ మాటల నడుమ గల భేదమును వివరింపుమని ఎవరైన అడిగియున్నచో ఆనాడు నావద్ద తగిన సమాధానము లేదు. ఆ లోపమును తీర్చుకొనుటకు చేసిన యత్నమే ఈ వ్యాసము.

ఇది కేవలము పర్యాయపదముల తగవు కాదు. ఒకని జరిమానాయు, మఱియొకని కారాగారవాసమును ఈ భేదముపై ఆధారపడిన వ్యాజ్యములు మన దేశ న్యాయచరిత్రయందే కలవు. వానిని ముందు చెప్పెదను. మొదట శబ్దమును చూతము.

‘ఖ్యా’ ధాతువునకు చెప్పుట, తెలియబడుట అని అర్థములు. ‘ప్ర’ అను ఉపసర్గ చేరగా ప్రఖ్యాతము, ప్రఖ్యాతి మున్నగు రూపములు ఏర్పడినవి. వీనియందు తెలియజేయు కర్త కనబడడు. ఒకడు ప్రఖ్యాతుడన్నచో వానిని ఎవరో పనిగట్టుకొని చాటిరని తాత్పర్యము కాదు. లోకమునకు వాడు తెలిసియున్నాడని మాత్రమే. ప్రేరణార్థమున పకారాగమము వచ్చి ‘ఖ్యాపయతి’ యగును. స్థా ధాతువు స్థాపయతి యైనట్లును, జ్ఞా ధాతువు జ్ఞాపయతి యైనట్లును ఇదియు అయినది. కావున ప్రఖ్యాతికిని ప్రఖ్యాపనమునకును గల అంతరము స్థితికిని స్థాపనకును గల అంతరము వంటిది. ప్రఖ్యాపనమున ఒక కర్త కలడు. తెలియజేయు భారము అతనిది. ‘అప్రఖ్యాపిత’మన్నపుడు ఆ భారమును వహింపవలసినవాడు వహింపలేదను నింద మాటలోనే గర్భితమై యున్నది. ఆంగ్లపదమున ఇంత స్పష్టముగా లేని గుణమిది.

మనుస్మృతిలో ఈ ధాతువు ప్రయోగములు రెండు మన విచారమునకు పనికివచ్చును. ప్రాయశ్చిత్తములను చెప్పు పదునొకండవ అధ్యాయమున, చేసిన పాపమును నలుగురిలో తానే చెప్పుకొనుటను ‘ఖ్యాపన’మన్నారు. దాచవీలున్న దానిని దాచక బయటపెట్టుట అచట అర్థము. ఎనిమిదవ అధ్యాయమున వర్తకులను గూర్చి చెప్పుచు, రాజునకు చెందిన ‘ప్రఖ్యాత భాండము’లను గాని, నిషేధింపబడిన సరకులను గాని లోభముచే దేశము దాటించువాని సర్వస్వమును రాజు హరింపవచ్చునన్నారు. రాజునకు తగినవని ప్రసిద్ధములైన వస్తువులని వ్యాఖ్యాతలు ‘ప్రఖ్యాత’ శబ్దమును వివరించిరి. ఏది ఎట్లున్నను దండనము మిక్కిలి పెద్దది. ఆ దండనమునకు గుఱియగు సరకు ప్రఖ్యాతమై యుండవలెనని స్మృతికర్త ఒక విశేషణమును వేసి చెప్పినాడు. దొంగచాటు రవాణాకు సంబంధించిన ఈ ప్రకరణమునే నేనేల ఎత్తి చూపుచున్నానో ముందు తెలియగలదు.

ఇక తక్కిన మాటలు. ‘రహస్యము’ అనుటలో దాచవలెనను సంకల్పమున్నది. జపానులో తోకుగావా ప్రభువు యొషిమునె కాలమున, 1742లో కూర్చిన దండనీతి సంగ్రహము కొలదిమంది ఉన్నతాధికారుల కొఱకే ఉద్దేశింపబడినది. ప్రజలు దానిని చూడరాదు. అది రహస్య శాసనము. అయితే అప్రఖ్యాపితమైన ప్రతి శాసనమును రహస్యము కానక్కఱలేదు. గుమాస్తా మఱచిపోవుటచేతనో, సంచిక ఆలస్యమగుటచేతనో కూడ శాసనము అప్రఖ్యాపితముగా ఉండిపోవచ్చును. ‘అప్రచురితము’ అన్నచో అచ్చుకానిది అను భావమే మనకు ముందు తోచును. అచ్చుయంత్రము లేని కాలమున తప్పెట కొట్టించి చాటిన ఆజ్ఞ అప్రచురితమే గాని అప్రఖ్యాపితము కాదు. అచ్చయి కట్టలుగట్టి గదిలో పడియున్న ఆజ్ఞ ప్రచురితమే. ప్రఖ్యాపితమనుటకు మాత్రము నోరు రాదు.

‘అప్రకటితము’ విషయము వేఱు. దీనికి ఇటీవలి పత్రికలలో ఒక ప్రత్యేకార్థము స్థిరపడినది. ‘అప్రకటిత విద్యుత్ కోత’, ‘అప్రకటిత కర్ఫ్యూ’ అని వ్రాయుచున్నారు. వీనియందు వస్తువు కన్నులయెదుటనే ఉన్నది. దీపములు ఆరినవి, వీథులు మూయబడినవి. లేనిది కాగితముపై ఉత్తరువు మాత్రమే. మనము వెదకు మాటకు అర్థము దీనికి సరిగా విపర్యయము. కాగితముపై శాసనము ఉన్నది. లోకమునకు దాని జాడ తెలియదు. అనుభవమున నుండి ఆజ్ఞలో లేనిది అప్రకటితము. ఆజ్ఞలో నుండి ఎఱుకలో లేనిది అప్రఖ్యాపితము. ఈ రెంటిని ఒకే మాటతో చెప్పుట వలన వచ్చు చిక్కును ఆ తరగతిలో నేను గమనింపలేదు.

ఆంగ్లపదమునకు మూలమైన లాటిను శబ్దము చరిత్ర కూడ కొంత వింతగా నున్నది. రోము గణరాజ్యమున ఆ మాట శాసనమైన పిమ్మట చేయు ప్రకటనకు గాక, శాసనము కాకమునుపు చేయు ప్రకటనకు వర్తించెడిది. ముసాయిదాను బహిరంగముగా నిలిపి, సంతదినములు మూడు గడచునంత కాలము జనులు చూచిన తరువాతనే దానిపై మతమును తీసికొనవలెను. తరువాతి కాలమున అర్థము జరిగి, చేసిన శాసనమును వెల్లడించుటకు ఆ మాట వాడుకలోనికి వచ్చినది. ఆ నగరముననే చక్రవర్తి కలిగులా క్రొత్త పన్నులను విధించి, వానిని వ్రాసి చూపక, ప్రజలు మొఱపెట్టుకొనగా మిక్కిలి సన్నని అక్షరములతో ఇఱుకైన చోట అంటించి ఎవరును నకలు తీసికొనకుండ చేసెనని సుటోనియసు వ్రాసినాడు. ఇది రహస్యమును కాదు, అప్రచురితమును కాదు. అప్రఖ్యాపితమని మాత్రమే అనదగును.

తెలుగు దేశమునకు వత్తము. మనకు ‘శాసనము’ అన్నచో రాజాజ్ఞయు అగును, దానిని చెక్కిన రాయియు అగును. ఒకే మాట ఆజ్ఞకును, ఆజ్ఞను పదిమంది కన్నులయెదుట నిలుపు వస్తువునకును చెల్లుచున్నది. ఇంటి ద్వారబంధపు చట్టమును, సభలు చేయు చట్టమును ఒకే శబ్దము చెప్పినట్లు ఇదియు యాదృచ్ఛికమని కొందఱనవచ్చును. నాకట్లు తోచదు. మన శాసనముల రచనారీతి చూచినచో, తెలియజేయుట ఆజ్ఞకు తరువాత అంటించిన తోక కాక, ఆజ్ఞలో భాగముగనే ఉండెడిదని చెప్పుటకు ఆధారములు కలవు.

వానిలో మిక్కిలి పాతది కర్నూలు జిల్లా ఎఱ్ఱగుడి గుట్టపై నున్న అశోకుని లఘు శిలాశాసనము. అందు చక్రవర్తి నేరుగా ప్రజలతో మాటలాడడు. రజ్జుకుడను అధికారికి ఆజ్ఞాపింపుడనియు, ఆ రజ్జుకుడు భేరి మ్రోగించి జానపదులకు తెలియజేయవలెననియు క్రమము చెప్పినాడు. రాతిపైనున్నది ప్రాకృతము, బ్రాహ్మీలిపి; భేరి విని గుమిగూడిన వారికి రజ్జుకుడు ఏ మాటలలో చెప్పెనో రాతిపై లేదు. కాని చెప్పవలెనను విధి మాత్రము రాతిపైనే ఉన్నది. కళింగమునందలి ధౌలి, జౌగడ శిలలపై ఇంకను వివరముగా, తిష్య నక్షత్ర దినములందు ఆ ఆజ్ఞను వినిపింపవలెననియు, నడుమ ఒక్కడే వచ్చి వినగోరినను వినిపింపవలెననియు వ్రాయించెను. ఒక్కనికైనను అన్న మాట గమనింపదగినది. ఇరువది రెండు శతాబ్దములకు పైగా గడచినను, రాజాజ్ఞను తెలిసికొనుటకు ప్రజకు గల హక్కును ఇంతకంటె చిన్న మాటలలో చెప్పినవారిని నేనెఱుగను.

కౌటిల్యుడు తన అర్థశాస్త్రమున శాసనములకు ఒక ప్రకరణమునే కేటాయించి, రాజలేఖలను ఎనిమిది తెఱగులుగా విభజించినాడు. వానిలో ఒకదానికి ‘సర్వత్రగము’ అని పేరు. అన్ని చోట్లకును పోవునది అని అర్థము. తక్కినవి ఒక అధికారికో, ఒక ప్రతిగ్రహీతకో పోవును. ఇది అందఱికిని పోవును. లేఖల వర్గీకరణలో ‘ఎవరికి చేరవలెను’ అను ప్రశ్న అంత తొలినాడే స్థానము సంపాదించుకొన్నది.

తామ్రశాసనముల సంగతి అడుగుదురేమో. రాగిరేకు దానము పట్టినవాని యింట పెట్టెలో ఉండును, అది ప్రఖ్యాపితమెట్లగును? వేంగీ చాళుక్యుల తామ్రశాసనములు ఈ ప్రశ్నకు తామే సమాధానము చెప్పుచున్నవి. ఫలానా విషయమునందలి రాష్ట్రకూట ప్రముఖులగు కుటుంబులనందఱిని పిలిపించి రాజు ఇట్లు ఆజ్ఞాపించుచున్నాడు, మీకు తెలియునుగాక అని వానియందు వాడుక వాక్యము. రాష్ట్రకూటులనగా ఇచట గ్రామపెద్దలు, రాజవంశము కాదు. ఇచ్చునది ఒక్క బ్రాహ్మణునికి ఒక్క ఊరో, కొన్ని పుట్ల నేలయో. అయినను పన్ను కట్టువారు, పొలిమేర పంచుకొనువారు అందఱును వినవలెను. పెక్కు శాసనములందు ప్రశస్తి సంస్కృతమున నడచి, పొలిమేరలు చెప్పు చోటికి వచ్చుసరికి తెలుగు దొరలుట కూడ ఈ దృష్టితో చూడవలసినదే. వంశస్తుతి అర్థము కాకున్నను రైతునకు నష్టము లేదు. ఈశాన్యపు గట్టు ఏదో తెలియకున్నచో తల పగులును.

వీనిలో నా మనసునకు మిక్కిలి నచ్చినది మోటుపల్లి శాసనము. శక సంవత్సరము 1166, అనగా క్రీ.శ. 1244–45 నాటిది. కాకతీయ గణపతిదేవుడు సముద్ర వర్తకులకు ఇచ్చిన అభయశాసనమది. పూర్వపు రాజులు గాలివానకు చెడి ఒడ్డునకు కొట్టుకొనివచ్చిన ఓడల సరకునంతను బలాత్కారముగా తీసికొనుచుండిరనియు, ప్రాణముకంటె ధనము మిన్నయని తలంచి సముద్రమున సాహసించువారియెడ దయచే తాము నిర్ణీత సుంకము తప్ప మఱేమియు తీసికొనమనియు అందు చెప్పబడినది. ఎగుమతి దిగుమతులపై సుంకము ముప్పదింట నొకటి. ఈ శాసనమును ఓరుగంటి కోటలో నిలుపలేదు. ఎవరికి అది అక్కఱయో వారు దిగు రేవున, మోటుపల్లి వీరభద్రాలయమునొద్ద, స్తంభముపై చెక్కించినారు. ఓడ దిగిన వర్తకుడు సుంకరితో బేరమాడునపుడు చూపుడువ్రేలితో చూపదగినంత సమీపమున అది నిలిచినది. 1358లో రెడ్డిరాజు అనవోతారెడ్డి అదే రేవున వర్తకులకు మరల శాసనము వేయించినాడు. ప్రభుత్వము మాఱినది గనుక అభయమును మఱల చాటవలసి వచ్చినది.

రాతికి వెనుక వాడుక భాషలో ఉన్న మాట ‘చాటుట’. చాటింపు, దండోరా, టముకు వేయుట మొదలగునవి దాని పరివారము. ఈ మాటలో ఒక చిత్రమున్నది. క్రియయైన ‘చాటు’నకు పదిమందికి ఎలుగెత్తి చెప్పుట అర్థము. నామమైన ‘చాటు’నకు మఱుగు, తెర అని అర్థము, చాటుమాటు అనుటలో ఉన్నది అదియే. చాటున చేసిన దానిని చాటినగాని అది చెల్లదు అన్నచో తెలుగువానికి న్యాయశాస్త్రము అక్కఱ లేకయే సంగతి బోధపడును. నా చిన్నతనమున మా యూర చాటింపు వేయు వృద్ధుడొక నియమము పాటించెడివాడు. నాలుగు వీథుల కూడలిలో ఒకమాఱు చెప్పి ఊరకుండక, ప్రతి వీథి చివర నిలిచి అదే వాక్యమును మొదటినుండి చెప్పెడివాడు. శిస్తు గడువైనను, కాలువ నీటి వంతైనను అంతే. ఒకనాడు వానలో తడియుచు చివరి వీథికి పోవుచుండగా మా నాయనగారు ‘ఎవరు వినుచున్నారు, ఇంటికి పొమ్ము’ అనిరి. ‘విననిది వారి తప్పగును బాబూ, చెప్పనిది నా తప్పగును’ అని అతడు పోయినాడు. ఖ్యా ధాతువు ప్రేరణార్థమును నేను పిదప వ్యాకరణమున చదివితిని.

ముసల్మాను ప్రభువుల పాలనతో వచ్చిన అరబీ, పారసీ పదములలోను ఇట్టి సూక్ష్మ భేదములు కలవు. ‘జారీ’ అనగా ప్రవహించునది. ఉత్తరువు జారీ చేయుట అన్నచో దానిని పారునట్లు విడిచిపెట్టుట. నీరు తూము దాటినదని చెప్పవచ్చును గాని చివరి మడికి చేరినదని చెప్పలేము. ‘గస్తీ’ అనగా తిరుగుట. ఒక కచ్చేరీనుండి మఱియొక కచ్చేరీకి తిరుగు ఉత్తరువునకు హైదరాబాదు రాజ్యమున గస్తీ యని పేరు వచ్చినది. అది అధికారులలో తిరుగును. ‘ఇస్తిహారు’ అను మాట వీనికి భిన్నము. కీర్తివాచకమైన ‘షోహరత్’ పుట్టిన ధాతువునుండియే అదియు పుట్టినది; లోకమున ప్రసిద్ధము చేయుట దాని అర్థము. సంస్కృతమున ప్రఖ్యాతికి ప్రఖ్యాపనమునకు గల చుట్టఱికమే అరబీయందు షోహరత్తునకు ఇస్తిహారునకు ఉన్నది. రెండు భాషలును ఒకదాని నొకటి చూడకయే ఒక్క త్రోవ నడచినవి. మన పాత రెవెన్యూ కాగితములలో ‘ఇస్తిహారునామా’ కనబడిన చోటెల్ల అది ప్రఖ్యాపన పత్రమేయని గ్రహింపవలెను.

నిజాం రాజ్యమున గస్తీలకు గల బలమును తెలంగాణ చరిత్ర చదివినవారు ఎఱుగుదురు. బహిరంగ సభలకు ముందుగా అనుమతి పొందవలెనని విధించిన ‘గస్తీ నిషాన్ 53’ను రద్దు చేయుమని ఆంధ్ర మహాసభలు పదేపదే కోరినవి. పేరు చూడుడు. పౌరుల వాక్‌స్వాతంత్ర్యమును అరికట్టు కట్టడికి పేరు కచ్చేరీల మధ్య తిరుగు కాగితము పేరు. రాజ్యభాష ఉర్దూ, జనులలో అధికసంఖ్యాకులు తెలుగువారు. తెలియని భాషలో చేసిన ప్రఖ్యాపనము ఏపాటి ప్రఖ్యాపనమను ప్రశ్న ఇచట పుట్టుచున్నది. ఆ ప్రశ్న హైదరాబాదునకే పరిమితము కాదు. కోస్తా జిల్లాలలో ఆంగ్లమున అచ్చైన గెజెటును చదువగలిగిన రైతులెందఱు? 1966లో తెలుగును అధికార భాషగా చేయు చట్టము వచ్చిన పిమ్మటకూడ ఈ ప్రశ్న పూర్తిగా తీఱినదనలేము.

తెలుగువారే నివసించు యానాములో 1954 వఱకు మఱియొక పద్ధతి. పారిసున చేసిన శాసనము తనంత తాను అచట అమలునకు రాదు. పుదుచ్చేరి గవర్నరు దానిని ఆ వలసలో ప్రఖ్యాపింపవలెను. ఫ్రెంచివారు ఈ విషయమున లెక్కలు కట్టినవారు. 1804 నాటి వారి పౌరస్మృతి మొదటి అధికరణమే ప్రఖ్యాపనమును గూర్చినది. రాజధానినుండి నూఱు కిలోమీటర్ల దూరమునకు ఒక్కొక్క దినము చొప్పున గడువు ఇచ్చి, ఆ గడువు తీఱిన పిమ్మటనే శాసనము ఆ మండలమున తెలిసినట్లు భావింపవలెనన్నారు. శాసనమునకు నడక ఉన్నదని ఒప్పుకొన్న స్మృతి అది. ఇంగ్లండువారి సిద్ధాంతము దీనికి ఎదురు. పార్లమెంటున ప్రతి పౌరుడును తన ప్రతినిధి ద్వారా ఉన్నట్లే గనుక వేఱుగా చాటనక్కఱలేదని వారి పాత న్యాయవేత్తలు వాదించిరి. అయితే ఆ దేశముననే 1917లో చిక్కుడు, బఠానీ మొదలగు గింజలను స్వాధీనపఱచుకొను అధికారి ఉత్తరువు ఒకనాడు చేయబడి మఱునాడు వెల్లడి కాగా, తెలిసిన నాటినుండియే అది చెల్లునని 1918లో న్యాయమూర్తి బైలాష్ తీర్పు చెప్పినాడు. పార్లమెంటు శాసనమునకు చెల్లు వాదము అధికారి గదిలో పుట్టిన ఉత్తరువునకు చెల్లదని తేలినది.

ఈ రెండు త్రోవలును కలిసిన చోటు మన సర్వోన్నత న్యాయస్థానమున 1951 సెప్టెంబరు 24న వెలువడిన హర్లా వ్యాజ్యపు తీర్పు. సంగతి ఇది. జయపూరు సంస్థానమున మహారాజు బాలుడై యుండగా ఒక మంత్రిమండలి పాలన సాగించుచుండెను. 1923 డిసెంబరు 11న ఆ మండలి ఒక తీర్మానము చేసి, నల్లమందు శాసనమొకదానిని ఆమోదించినది. దానిని గెజెటున వేయలేదు. వేఱు విధముగనైనను చాటలేదు. తరువాత వచ్చిన జయపూరు శాసనముల చట్టము, ఇకముందు చేయు శాసనములు గెజెటున వెలువడినచో న్యాయస్థానములు అమలు జరుపవలెనన్నది. 1938లో నల్లమందు శాసనమునకు ఒక చిన్న సవరణ చేసి, అది 1924 సెప్టెంబరు 1వ తేదీనుండి అమలులోనికి వచ్చినట్లు ఒక వాక్యము చేర్చిరి. పిమ్మట సంస్థానము పోయినది, రాజస్థానము వచ్చినది. ఆ శాసనము క్రింద ఒకనికి ఏబది రూపాయల జరిమానా పడినది. ఏబది రూపాయల కొఱకు వ్యాజ్యము ఢిల్లీ దాక పోయినది.

న్యాయమూర్తి వివియన్ బోస్ వ్రాసిన తీర్పు ఆ శిక్షను కొట్టివేసినది. ప్రజలకు గాని, వారి ప్రతినిధులకు గాని ప్రవేశము లేని గదిలో చేసిన తీర్మానము ఒక్కటే వారి ప్రాణ స్వాతంత్ర్య ధనములను బంధింపజాలదనియు, తగిన ప్రయత్నము చేసినను తెలిసికొనవీలులేని శాసనము క్రింద దండించుట సహజన్యాయమునకు విరుద్ధమనియు తేల్చినది. ఇంగ్లండు సిద్ధాంతము జయపూరునకు వర్తింపలేదు. అచట పార్లమెంటు లేదు, తలుపులు తెఱచిన చర్చ లేదు. 1938 నాటి సవరణ సంగతి శబ్దవిచారము చేయువారికి మఱింత ఆసక్తికరము. ప్రఖ్యాపనము లేనిది శాసనముగా పుట్టనే లేదు. పుట్టని బిడ్డకు పుట్టినరోజును మార్చి వ్రాసిన ప్రయోజనమేమి? కావున ‘అప్రఖ్యాపిత శాసనము’ అను సమాసములో విశేష్యమును విశేషణమే భక్షించుచున్నది. అప్రఖ్యాపితమైనచో అది శాసనము కాదు. శాసనమైనచో అప్రఖ్యాపితము కాజాలదు. ‘వంధ్యాపుత్రుడు’ అన్నట్లు, లేని వస్తువును చెప్పుటకు వాడు మాటగా దీనిని గ్రహింపవలెను. మన రాజ్యాంగమున రాష్ట్రపతి జారీచేయు ఆర్డినెన్సుల విషయమున ఇది మఱింత స్పష్టము. 123వ అధికరణము చొప్పున ఆర్డినెన్సును చేయుటయు, ప్రఖ్యాపించుటయు ఒకటే క్రియ. ప్రఖ్యాపింపని ఆర్డినెన్సు కేవలము చిత్తుప్రతి.

అయితే ఈ మాటకు హద్దు ఎక్కడ? ప్రఖ్యాపితమైనను నాకు తెలియలేదు అన్నవాని గతియేమి? 1962 నవంబరు 8న రిజర్వు బ్యాంకు, దేశము మీదుగా పోవు బంగారమునకు క్రొత్త షరతు విధించి ప్రకటన చేసినది. అది 24వ తేదీన గెజెటున వెలువడినది. మూడు దినముల పిమ్మట జూరిచ్‌లో విమానమెక్కిన విదేశీయుడొకడు 28న బొంబాయిలో పట్టుబడినాడు. మనీలాకు పోవుచున్న అతని చొక్కా అఱలలో 34 కిలోల బంగారము దొరికినది. పాత నిబంధన ప్రకారము అట్లు దాటిపోవుటకు వీలుండెడిది. జూరిచ్‌లోని ప్రయాణికుడు భారత గెజెటు చదువునా అని వాదము. 1964లో సర్వోన్నత న్యాయస్థానమున అధిక సంఖ్యాకులు, ఈ దేశమున వాడుక చొప్పున ప్రచురింపబడినచో చాలుననియు, విదేశమున చాటనక్కఱలేదనియు చెప్పి శిక్షను నిలిపిరి. అయితే కాలమును అనుభవించినంతకు తగ్గించిరి. రాజమహేంద్రవరమున జన్మించిన న్యాయమూర్తి కోకా సుబ్బారావుగారు ఒక్కరు, నేరబుద్ధి రుజువు కానిది శిక్ష చెల్లదని భిన్నాభిప్రాయము వ్రాసిరి. ఈ వ్యాజ్యమున శాసనము అప్రఖ్యాపితము కాదు, ‘అవిదితము’ మాత్రమే. మొదటిది చేసినవాని లోపము, రెండవది విననివాని స్థితి. మా యూరి వృద్ధుడు చేసిన భేదమే ఇది. సుబ్బారావుగారి పక్షమున నా మనసు మొగ్గినను, శబ్దవిషయమున అధిక సంఖ్యాకులదే సరియైన మార్గమని ఒప్పుకొనక తప్పదు.

1987లో బెంగళూరు పట్టణ ప్రణాళికకు సంబంధించిన వ్యాజ్యమున న్యాయమూర్తి ఓ. చిన్నప్పరెడ్డిగారు ఈ సూత్రమునకు తుదిరూపము దిద్దిరి. చట్టసభలో చేయు శాసనము బహిరంగముగా పుట్టును; మంత్రి గదిలోనో, కార్యదర్శి గదిలోనో పుట్టు ఉపశాసనము అట్లు కాదు గనుక దానికి తగిన ప్రచురణము తప్పనిసరి యని వారి వివరణము. మాతృశాసనము పద్ధతి చెప్పినచో ఆ పద్ధతి. చెప్పనిచో గెజెటు మొదలగు వాడుక త్రోవ.

ఇటీవలి మాట ఒకటి. 2021 ఆగస్టులో ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వము తన ఉత్తరువులను ఎవరైనను చూడగల వెబ్‌సైట్‌లో ఉంచు పద్ధతిని నిలిపివేసినది. దానిపై హైకోర్టున వ్యాజ్యములు దాఖలైనవి. 2024లో ఆ పద్ధతి పునరుద్ధరింపబడినది. ఆ కాలమున పత్రికలు ‘రహస్య జీవోలు’ అని వ్రాసినవి. అన్ని జీవోలును శాసనములు కావు. బదిలీ ఉత్తరువు అప్రఖ్యాపితమను మాటకు తగదు. పౌరుని హక్కునో, పన్నునో, దండనమునో తాకు ఉత్తరువునకే ఆ మాట చెల్లును. ‘జారీ అయినది’ అని అధికారులును, ‘మాకు తెలియదు’ అని ప్రజలును అన్నపుడు ఇరువురును నిజమే చెప్పియుండవచ్చునని పై జారీ శబ్దవిచారము వలన తెలిసియేయున్నది.

ప్రయోగమునకు వచ్చినచో, న్యాయగ్రంథముల అనువాదమున ‘అప్రఖ్యాపిత’ శబ్దమునే వాడవలెనని నా అభిప్రాయము. దాచు సంకల్పము రుజువైన చోటనే ‘రహస్య’ శబ్దము. పత్రికలు స్థిరపఱచిన అర్థమున ‘అప్రకటితము’ను అట్లే ఉండనీయవలెను. సామాన్య పాఠకునికై వ్రాయునపుడు ‘చాటని చట్టము’ అనుటలో దోషమేమియు లేదు. పైగా చాటవలసినవాడు ఒకడున్నాడను ధ్వని అందును చెడలేదు. ఆ విద్యార్థిని కొట్టివేసిన మాట అదియే. ఆమె పత్రమున దాని ప్రక్కన నేను ‘గ్రామ్యము’ అని ఎఱ్ఱసిరాతో వ్రాసియుంటిని.